భస్మాసురుడి చేత నాట్యం చేయించింది ఎవరు?

భస్మాసురుడి కథ వినని తెలుగువాళ్లు అరుదు. ఎవరి తల మీద చెయ్యి పెడితే వాళ్లు బూడిదైపోయేలా శివుడి దగ్గర వరం పుచ్చుకుంటాడు. దాన్ని మొదట శివుడి మీదే పరీక్షించబోతాడు. శివుడు పరుగు లంకించుకుంటే విష్ణువు మోహినిగా అడ్డం వస్తాడు. తనతో సమానంగా ఆడగలిగితే పెళ్లాడతానంటుంది మోహిని. ఆమె ఎలా ఆడితే వాడూ అలా ఆడతాడు. ఆడుతూ ఆడుతూ ఆమె చెయ్యి నెత్తిమీదికి పోతుంది. వాడి చెయ్యీ పోతుంది. కథ కంచికి.

ఇదే కథను పోతన భాగవతంలో వెతికితే మాత్రం తికమక పడతాం. దశమ స్కంధంలో కథ ఉంది కానీ రాక్షసుడి పేరు వృకాసురుడు. మోహిని లేదు. నాట్యం అసలే లేదు. విష్ణువు బ్రహ్మచారి వేషంలో ఎదురై, ఆ శివుడి మాటలు ఎలా నమ్మావయ్యా, కావాలంటే నీ తల మీదే చెయ్యి పెట్టి చూసుకో అని మెత్తగా నమ్మబలుకుతాడు. వాడు పెట్టుకుంటాడు, చస్తాడు. సంస్కృత మూలంలోనూ అంతే. మనందరికీ తెలిసిన నాట్యం పోటీ యక్షగానాల్లోనూ మేళాల్లోనూ, ఆ తర్వాత సినిమాల్లోనూ పాతుకుపోయిన రూపం.

ఉన్న కథ బాగానే ఉంది కదా, మరి దాంట్లోకి నాట్యాన్ని ఎందుకు దింపారు? చూడ్డానికి బాగుంటుందని, ఆడేవాళ్లకు ఆడే అవకాశం ఉంటుందని చెబితే అది సగం జవాబే. బ్రహ్మచారి మాట విన్న వృకాసురుడు ఆలోచించి మోసపోయాడు, అంటే వాడు తెలివితక్కువవాడు. మోహినితో ఆడుతున్న భస్మాసురుడు అసలు ఆలోచించడం లేదు. కళ్లు ఆమె మీద ఉన్నాయి, ఒళ్లు ఆమె వెంట పోతోంది. మొదటిది తర్కం చేసిన మోసం, రెండోది మోహం చేసిన మోసం. పైగా మాటల మోసం నిమిషంలో అయిపోతుంది. నాట్యంలో మోహిని చెయ్యి భుజం దాకా లేచి దిగుతుంది, నుదుటి దాకా వెళ్లి పక్కకు తిరుగుతుంది. ఏం జరగబోతోందో చూసేవాళ్లందరికీ తెలుసు, వాడొక్కడికే తెలియదు. ఆ టెన్షన్ ఎంతసేపు సాగదీస్తే అంతసేపు సాగుతుంది. ఊరికే కథ చెప్పే బామ్మ కూడా ఇక్కడికి వచ్చేసరికి తన చెయ్యి ఎత్తి చూపిస్తుంది.

కథల్లో నాట్యం గురించి మాట్లాడేటప్పుడు నేను పెట్టుకునే పరీక్ష ఒక్కటే: దాన్ని తీసేస్తే కథ నిలబడుతుందా? ఐటం సాంగ్ తీసేసినా సినిమాకు ఏమీ కాదు, టీకి లేచే టైము పోతుందంతే. మోహిని ఆట తీసేస్తే మాత్రం భస్మాసురుడు బతికే ఉంటాడు.

ఇక్కడ ఒక చిక్కు ఉంది. రంగస్థలం మీద నాట్యం కళ్లకు కనిపిస్తుంది. పుస్తకంలో గజ్జెల చప్పుడు వినబడదు. కాలు ఎటు పడిందో, చెయ్యి ఎలా తిరిగిందో వరసగా రాసుకుంటూ పోతే అది నాట్యం నేర్పే గైడు అవుతుంది. అయినా కవులు, నవలాకారులు పదే పదే నాట్యం దగ్గరికే వెళ్లారు. కనబడని దాన్ని ఎలా చూపించారు?

కాళిదాసు మాళవికాగ్నిమిత్రంలో మొదటి రెండు అంకాలు చదివితే ఈ కిటుకు చాలావరకు బోధపడుతుంది. విదిశ రాజు అగ్నిమిత్రుడు చిత్రపటంలో మాళవికను చూసి మనసు పారేసుకున్నాడు. పట్టపురాణి ధారిణి ఆ పిల్ల రాజు కంటబడకుండా దాచి, గణదాసు అనే గురువు దగ్గర నాట్యం నేర్పిస్తోంది. రాజుకు ఆమెను చూసే దారి లేదు. అప్పుడు విదూషకుడు ఇద్దరు నాట్యాచార్యుల మధ్య చిచ్చు పెడతాడు. గణదాసు గొప్పా, హరదత్తుడు గొప్పా? ఇద్దరూ రాజు దగ్గరికే తగువుకు వస్తారు. న్యాయం చెప్పాల్సిన పరివ్రాజిక, అంటే సన్యాసిని అయిన కౌశికి, గురువుల గొప్పతనం శిష్యుల ఆటలో తేలుతుందంటుంది. అవయవాల కదలిక స్పష్టంగా తెలియాలి కాబట్టి పాత్రలు ఎక్కువ అలంకారాలు లేకుండా రావాలని కూడా చెబుతుంది. ధారిణికి విషయం అర్థమైపోయింది. రాజ్యం పనుల్లో కూడా మహారాజుగారు ఇంత నేర్పు చూపిస్తే ఎంత బాగుండేది అని ఒక్క చురక అంటిస్తుంది. కానీ కళ పేరు మీద జరుగుతున్న దాన్ని ఆపలేదు. రహస్యంగా చూడ్డానికి వీల్లేని మనిషిని నిండు సభలో, పట్టపురాణి పక్కన కూర్చుని, దర్జాగా చూసే వీలు నాట్యం ఒక్కటే ఇచ్చింది.

మాళవిక పాడి అభినయించిన పాట కూడా అలాంటిదే. ప్రియుడు దొరకడం దుర్లభం, మనసా ఆశ వదులుకో అని మొదలై, నాథా, పరాధీనురాలిని, నీ మీదే ఆశ పెట్టుకున్నాను అని ముగుస్తుంది. అది పాటలోని నాయిక మాటా, మాళవిక సొంత మాటా? ఎవరూ నిలదీసి అడగలేరు. అడిగితే, పాట అలా ఉంది, నేను అభినయించాను అంతే, అనొచ్చు. రాజు మాత్రం అది తనకే అని తీసుకున్నాడు.

ఇంతకీ ఆమె ఎలా ఆడింది? కాళిదాసు దాన్ని రెండు జతల కళ్లతో చెప్పించాడు. పరివ్రాజిక ఇచ్చిన తీర్పు ఒక శ్లోకం: మాటలను లోపల దాచుకున్న అంగాలతో అర్థాన్ని చక్కగా సూచించింది, అడుగు లయను తప్పలేదు అంటుంది. రాజు చెప్పింది ఇంకో శ్లోకం, అదీ ఆట అయిపోయాక! ఒక చెయ్యి నడుం మీద ఆనించి, గాజులు మణికట్టు దగ్గర కదలకుండా నిలిచిపోగా, రెండో చెయ్యి కొమ్మలా వదిలేసి ఆమె నిలబడి ఉంటే, ఈ నిలబడ్డ తీరు నాట్యం కంటే అందంగా ఉందంటాడు. కదలికను మాటల్లో పట్టడం కష్టమని కాళిదాసుకు బాగా తెలుసు. అందుకే అది ఆగిన క్షణాన్ని పట్టుకున్నాడు. ఆ తర్వాత హరదత్తుడి శిష్యురాలి వంతు రావాలి కదా? మధ్యాహ్నం అయిందని వైతాళికులు పాడతారు, రేపు చూద్దాం అంటాడు రాజు. చూడాల్సింది చూసేశాడు. పాపం ఆ రెండో అమ్మాయి ఎలా ఆడేదో మనకెప్పటికీ తెలియదు.

పుస్తకంలో నాట్యం చూసేవాళ్ల ముఖాల్లో జరుగుతుంది. టాల్‌స్టాయ్ అన్నా కరేనినాలో బాల్ డాన్సు కూడా ఇలాగే నడుస్తుంది. వ్రాన్‌స్కీ తననే మజుర్కా అనే జంట ఆటకు పిలుస్తాడన్న ధీమాతో కిట్టీ ఐదుగురిని కాదనుకుంది. అతను పిలవలేదు. అన్నాతో ఆడాడు. కిట్టీ వాళ్లిద్దరి కాళ్ల వైపు చూడలేదు, ముఖాలు చూసింది. అక్కడే అంతా తెలిసిపోయింది.

కానీ ఆ సాహిత్యానికీ మన సాహిత్యానికీ ఒక పెద్ద తేడా ఉంది. అక్కడి బాల్ డాన్సు జంట ఆట. పెళ్లికాని ఆడా మగా పదిమంది ఎదుట చేతులు పట్టుకుని, ఎవరూ తప్పుపట్టకుండా మాట్లాడుకోగలిగే చోటు అదొక్కటే. జేన్ ఆస్టెన్ ప్రైడ్ అండ్ ప్రెజుడిస్ (1813)లో ఎలిజబెత్, డార్సీతో ఆడుతూ, అరగంట సేపు ఇద్దరం నోరు మెదపకపోతే వింతగా ఉంటుంది అని దెప్పుతుంది. అక్కడ నాట్యం ఒక సంభాషణ. మన కావ్యాల్లో ఒకరు ఆడతారు, మిగతావాళ్లు చూస్తారు. కాబట్టి మన కథ చేతుల మీదుగా నడవదు, చూపుల మీదుగా నడుస్తుంది. చూసేవాడు రాజా, దేవుడా, శత్రువా అన్నదాన్ని బట్టి కథ మలుపు తిరుగుతుంది. అందరూ కలిసి ఆడే ఆటలు మనకు లేక కాదు. భాగవతంలో రాసక్రీడ ఉంది, ఊళ్లో కోలాటం ఉంది, అరకు వైపు ధింసా ఉంది. కానీ మన కావ్యాలు, నవలలు ఎక్కువగా సభ వైపే చూశాయి.

చూపుల మీద నడిచే కథకు చూపు నుంచి తప్పించుకోవడం కూడా ఒక మలుపే. విరాటుడి కొలువులో అర్జునుడు బృహన్నలగా ఉత్తరకు నాట్యం నేర్పాడు. గాండీవం నారి రాపిడికి చేతుల మీద కాయలు కట్టాయి, వాటిని గాజుల కింద దాచుకున్నాడు. ఈ ఒక్క వివరం చాలు, భారతం రాసినవాళ్లకు నాట్యమంటే ఏమిటో తెలుసని చెప్పడానికి. ఎక్కడైనా దాక్కోవచ్చు కదా, అందరూ చేతుల వైపే చూసే వృత్తిలో దాక్కున్నాడు! అదే విరాటపర్వంలో కీచకుడు చచ్చింది కూడా నర్తనశాలలోనే. పగలంతా ఆడపిల్లలు నాట్యమాడే చోటు, రాత్రి ఎవరూ ఉండరు. ద్రౌపది వాణ్ని అక్కడికి రమ్మంది. వచ్చినవాడికి చీకట్లో దొరికింది భీముడు.

నాట్యాన్ని ఫిర్యాదు పత్రంలా వాడుకున్న కథ మాచుపల్లి కైఫీయతులో ఉంది. కల్నల్ మెకెంజీ సేకరణల్లోని ఈ గ్రామ చరిత్ర, విజయనగరం ఏలిన వీరనరసింహరాయల కాలం, అంటే 16వ శతాబ్దం తొలినాళ్ల సంగతి చెబుతుంది. సిద్ధవటం సీమలో సమ్మెట గురవరాజు డబ్బు కోసం ఆడవాళ్లను చిత్రహింసలు పెట్టేవాడట. ఆ దారిన వచ్చిన కూచిపూడి భాగవతులు అది కళ్లారా చూశారు. రాయల ఎదుట ఆట కట్టినప్పుడు ఒకరు గురవరాజుగా, ఇద్దరు భటులుగా, ఒకరు ఆ ఆడమనిషిగా వేషం వేసి జరిగింది జరిగినట్టు ఆడి చూపించారు. రాయలు విషయం ఆరా తీసి, సైన్యాన్ని పంపి గురవరాజును పట్టించి మరణశిక్ష వేశాడని కైఫీయతు అంటుంది. ఇందులో ఎంత జరిగిందీ ఎంత చెప్పుకున్నదీ అన్నది చరిత్రకారులు తేల్చుకోవాలి. నాకు ఆసక్తి కలిగించేది వేరే. దర్బారులో నోరు విప్పి ఒక పాలకుడి మీద ఫిర్యాదు చేస్తే తల తెగొచ్చు. వేషం కట్టి ఆడితే అది ఆటే. మాళవిక ప్రేమకు దొరికిన రక్షణే ఈ భాగవతుల ఫిర్యాదుకూ దొరికింది.

ఇప్పటిదాకా కథలో నాట్యం గురించి మాట్లాడుకున్నాం. నాట్యంలో కథ ఎలా నడుస్తుందో చూస్తే లెక్క పూర్తిగా తిరగబడుతుంది. పుస్తకం కథను కుదిస్తుంది, పదేళ్లు ఒక పేరాలో గడిచిపోతాయి. అభినయం ఒక్క వాక్యాన్ని పట్టుకుని అరగంట కూర్చుంటుంది. క్షేత్రయ్య పదం ఒకటి ఉంది, హుసేని రాగంలో: "అలిగితే భాగ్యమాయె". వాడు అలిగితే మరీ మంచిది, అంతే ఆ మాట. కాగితం మీద చదివితే ఒక విసురు. ఆడేటప్పుడు ఆ పల్లవి మళ్లీ మళ్లీ వస్తుంది. మొదటిసారి నాయిక భుజం ఎగరేసి, పోతే పోనీ అన్నట్టు చూపిస్తుంది. రెండోసారి అదే మాటకు, వాడు అలక్కముందు తన వాకిట్లో ఎలా కాచుకునేవాడో గుర్తుకొచ్చి నవ్వు వస్తుంది. మూడోసారి వాకిలి వైపు ఒక చూపు పోతుంది, వెంటనే వెనక్కి తీసుకుంటుంది. ఇంకోసారి అదే మాట అంటూ గొంతు దిగమింగుకుంటుంది. పాటలో అక్షరం మారలేదు. భాగ్యమాయె అన్న మాటే చివరికి దౌర్భాగ్యంలా వినబడుతుంది. పాడే గొంతు ఒకటి చెబుతుంటే ముఖం ఇంకోటి చెప్పడం, అసలు కథ ఆ రెంటి మధ్య ఉన్న ఖాళీలో ఉండటం. దీన్ని మాటల్లో చేయాలంటే ఏ రచయితకైనా పది పేజీలు కావాలి.

భామాకలాపం కథ కూడా ఇలాగే. సిద్ధేంద్రయోగి పేరు మీద కూచిపూడిలో తరతరాలుగా ఆడుతున్న ఈ కలాపంలో జరిగే సంగతులు రెండు మూడు వాక్యాలకు మించవు: సత్యభామకు కృష్ణుడితో తగువొచ్చింది, విరహంలో ఉత్తరం రాసి సఖి మాధవితో పంపింది, కృష్ణుడు వచ్చాడు. రాత్రంతా ఆడగలిగేంత సరుకు ఇందులో ఎక్కడుంది? ముందు ఇద్దరు పట్టుకున్న తెర వెనక నుంచి పూలూ బంగారు బిళ్లలూ కూర్చిన పొడుగాటి జడ ముందుకు పడుతుంది. మనిషి ఇంకా కనబడలేదు. నన్ను మించి ఆడేవాళ్లుంటే ఈ జడ కోసేసుకుంటాను అన్న సవాలు అందులో ఉందని సంప్రదాయంలో చెప్పుకుంటారు. ఆ తర్వాత "భామనే సత్యభామనే" అంటూ ప్రవేశ దరువు, అంటే పాత్ర రంగం మీదికి వస్తూ పాడే పాట. నేను ఫలానా అని చెప్పుకోవడానికే బోలెడంత సమయం. అంతటి అహంకారి, మాధవి అడిగితే మొగుడి పేరు చెప్పడానికి సిగ్గుపడుతుంది. పేరు నోటితో చెప్పకుండా ఎన్ని రకాలుగా తెలియజేయాలో అన్ని రకాలుగానూ చూపిస్తుంది. మాధవి తక్కువదా, ఉత్తరం తీసుకెళ్లాలంటే నీ ముక్కెర ఇమ్మంటుంది. ఎవరైనా ఇచ్చే నగే అయితే తంటా లేదు, ముత్తయిదువ ముక్కెర కదా! ఆ బేరం దగ్గర జనం నవ్వుతూనే ఉంటారు, సత్యభామ లొంగుతూనే ఉంటుంది. తెర మీద జడ వేసిన మనిషి ముక్కెర తీసి ఇచ్చేదాకా ఎలా దిగివచ్చింది అన్నదే అసలు కథ.

ఈ వేషం తరాల పాటు మగవాళ్లే కట్టారు. వేదాంతం సత్యనారాయణ శర్మ పేరు చెబితే ఇప్పటికీ పెద్దవాళ్లకు ముందు గుర్తొచ్చేది ఆయన సత్యభామే. చూసేవాళ్లకు అది మగమనిషి అని తెలుసు, తెలిసీ మరిచిపోతారు. ఇక్కడ కూడా చూపే కథ నడిపింది.

నాట్యాన్ని మాటల్లో భద్రం చేయాలనుకున్న పుస్తకాలు వేరే జాతి. కాకతి గణపతిదేవుడి గజసాహిణి జాయప సేనాని 13వ శతాబ్దం మధ్యలో సంస్కృతంలో నృత్తరత్నావళి రాశాడు. ఎనిమిది అధ్యాయాల్లో సగం శాస్త్రీయమైన మార్గ నాట్యానికి, సగం ప్రాంతీయమైన దేశి నాట్యానికి ఇచ్చాడు. ఏనుగుల సేన చూసుకునే మనిషి జనం ఆడే పేరిణి, కోలాటం లాంటి వాటికి అంత చోటివ్వడం నాకు ముచ్చటేస్తుంది. ఏడు శతాబ్దాల తర్వాత నటరాజ రామకృష్ణ ఈ పుస్తకాన్నీ, 1213 నాటి రామప్ప గుడి శిల్పాలనూ ఎదురుగా పెట్టుకుని పేరిణిని మళ్లీ కూర్చారు. ఇప్పుడు మనం చూస్తున్న పేరిణిలో జాయప ఎంత, రామకృష్ణ ఎంత అని అడిగితే, రెండోవారి పాలు తక్కువేమీ కాదనే నా అభిప్రాయం. రాళ్లు భంగిమను దాచిపెట్టి మనకు అందిస్తాయి, ఒక భంగిమ నుంచి ఇంకో భంగిమకు వెళ్లే దారిని అందించవు. ఆ దారి ఆడేవాడు ఊహించుకోవాల్సిందే.

ఆధునిక వచనానికి వచ్చేసరికి చూపు నాట్యం మీంచి నాట్యకత్తె మీదికి మళ్లింది. మద్రాసు ప్రెసిడెన్సీలో సానిమేళాలకు వ్యతిరేకంగా ఉద్యమం ఊపందుకుంటున్న రోజుల్లోనే, 1892లో, గురజాడ కన్యాశుల్కం మొదటిసారి ఆడారు. మధురవాణి మాటకారితనం, లోకజ్ఞానం నాటకమంతా కనబడతాయి కానీ ఆమె ఆట గురించి మనకు తెలిసేది బహు తక్కువ. చివర్లో ఆమె మగవేషం వేసుకుని యాంటీ నాచ్ వకీలు సౌజన్యారావు పంతులు ఇంటికి వెళుతుంది. సానిని చూడనని ఒట్టు పెట్టుకున్న మనిషి ముందు కూర్చోవాలంటే ఆమెకు వేషం తప్ప దారి లేదు! బృహన్నల కిటుకు ఇక్కడ తిరగేసి పనిచేసింది. 1930ల్లో విశ్వనాథ సత్యనారాయణ వేయిపడగలులో గిరికను వేణుగోపాలస్వామికే అంకితమైన దేవదాసిగా, దాదాపు భక్తురాలిగా నిలబెట్టారు. ఒకరు సంస్కరణ వైపు నుంచి, ఇంకొకరు సంప్రదాయం వైపు నుంచి చూశారు. ఇద్దరూ గొప్పగానే రాశారు. కానీ రెండుచోట్లా కలం చూసేవాడి చేతిలోనే ఉంది.

ఆడే మనిషి చేతికి కలం వస్తే ఏం రాస్తుంది? 18వ శతాబ్దంలో తంజావూరు ప్రతాపసింహుడి కొలువులో ఉన్న గణిక ముద్దుపళని రాధికా సాంత్వనము రాసింది. నాట్యం గురించి కాదు. తన చేతుల మీద పెంచిన ఇళాదేవిని కృష్ణుడికిచ్చి పెళ్లి చేసిన రాధ, ఆ తర్వాత తనలో రేగిన అసూయను, కోపాన్ని, కోరికను దాచుకోకుండా చెప్పడం ఆ కావ్యం. పదాభినయంలో ముఖం మీద మాత్రమే కనిపించేవి ఇక్కడ పద్యాల్లోకి దిగాయి. వీరేశలింగం ఆంధ్ర కవుల చరిత్రలో దీన్ని ఆడవాళ్లు వినదగనిదని ఈసడించారు. బెంగళూరు నాగరత్నమ్మ అదే పుస్తకాన్ని వెతికి 1910లో పూర్తిగా అచ్చువేయించి, సిగ్గు ఆడవాళ్లకేనా, మగవాళ్లకు లేదా అన్న అర్థంలో పీఠికలో నిలదీసింది. 1911లో ప్రభుత్వం పుస్తకాన్ని నిషేధించింది.

ఆ నిషేధం 1947లో తొలగింది. అదే ఏడాది చివర్లో మద్రాసు శాసనసభ దేవదాసీల చట్టం చేసి, అమ్మాయిలను దేవుడికి అంకితం చేయడాన్నీ, గుళ్లో ఆడవాళ్లు నాట్యం చేయడాన్నీ ఆపేసింది. చాలామంది ఆడపిల్లలకు అది విడుదల. ఆ విద్యే బతుకుతెరువైన కళావంతుల ఇళ్లలో మాత్రం గజ్జెలు పెట్టెల్లోకి వెళ్లాయి. ఆ ఇళ్లలో అభినయించిన పదాలు పోలేదు, సభల్లో టికెట్టు మీద చూసే నాట్యంలోకి వచ్చాయి. వాటిని కొత్తగా నేర్చుకుంటున్న ఇళ్లలో, ఏ చరణం అమ్మాయి చేత ఆడించవచ్చు, ఏది వదిలేయాలి అన్న చర్చ మొదలైంది.